సంగటి మీద అప్పీలు

ఆత్మకూరు నుంచి ఉదయగిరి వస్తున్న షేర్ ఆటోను లారీ వెనకనుంచి గుద్దింది. మంగళవారం, పొద్దున తొమ్మిదీ ఇరవై. ఆటోలో ఎనిమిదిమందిమి. ఏడుగురు గీరుకుపోయిన మోచేతులతో బయటపడ్డారు, నాకు మాత్రం కుడి మణికట్టు విరిగింది. ఎముక అతుక్కుంది గానీ వంకరగా అతుక్కుంది. చెంబెడు నీళ్లు ఎత్తినా చెయ్యి వణికేది. మళ్లీ కోసి ప్లేటు వేస్తే సరవుతుందనీ, లక్షా నలభై వేలు ఖర్చనీ నెల్లూరు డాక్టరు చెప్పాడు.

పరిహారం నాలుగు లక్షలు అడిగాం. ట్రిబ్యునల్ తొంభై రెండు వేలు ఇచ్చింది. ఆసుపత్రికి అప్పటికే తొంభై ఒక వేయి ఆరు వందలు పెట్టాను. మిగిలిన నాలుగు వందలకు ఏ డాక్టరూ కత్తి పట్టడు.

అంత తగ్గించడానికి కారణం తీర్పులోనే రాసుంది. నేను స్వయంగా సంగటి వండుతున్నానట.

ఇన్సూరెన్స్ కంపెనీ తరఫున విచారణకు ఒకాయన మా ఇంటికి వచ్చాడు, సరిగ్గా భోజనం వేళకు. ఆ వేళకు గడప తొక్కినవాణ్ణి, జప్తుకు వచ్చినవాణ్ణయినా సరే, తినకుండా పంపం. రాగిసంగటి, నాటుకోడి పులుసు పెట్టాం. వండింది మా కోడలు. ఆయన వేళ్లు నాకుతూ అడిగాడు.

"అవ్వా, సంగటి నీ చేతిదేనా? వెన్న మాదిరి ఉండాది."

"మరెవరిది నాయనా?" అన్నాను.

మా ఇళ్లలో అలాగే అంటారు. పొయ్యి ముందు ఎవరు చెమటోడ్చినా వంట ఇంటి పెద్దదాని చేతిదే. మా అత్త బతికున్నన్నాళ్లూ నేను వండినదంతా ఆమె పేరునే చెల్లింది. ఆయన చెయ్యి కడుక్కుని, మూడోసారి కూడా పెట్టించుకున్న సంగతి వదిలేసి, నా మాట ఒక్కటే రిపోర్టులో రాశాడు. సంగటి కెలకడానికి ఎంత బలం కావాలో ఈ వైపు అందరికీ తెలుసు. తెడ్డు తిప్పే మణికట్టుకు జబ్బేమిటనుకున్నారు. నేనైనా అలాగే అనుకునేదాన్ని.

ఆత్మకూరులో మా వకీలు తల పట్టుకున్నాడు. "పెద్దమ్మా, ఆయనకి మజ్జిగిచ్చి పంపకూడదా?"

"మజ్జిగ బాగుండాదన్నా నాదేనని చెప్పుండేదాన్ని."

హైకోర్టులో అప్పీలు వేశాం. విచారణకు రాకముందే కంపెనీ రాజీకి వచ్చింది. లోక్ అదాలత్ రోజున నన్నూ కోడలినీ వకీలు తన ఆఫీసులో కంప్యూటర్ ముందు కూర్చోబెట్టాడు. తెర మీద ఒక పక్క రిటైరైన జడ్జిగారు, ఇంకో పక్క కంపెనీ వకీలు. మొత్తం రెండు లక్షలకు ఒప్పుకోమన్నారు. లెక్క వేశాను. ఆసుపత్రికి పెట్టింది పోను ఆపరేషన్‌కు ఇంకా దాదాపు ముప్పై రెండు వేలు తక్కువ.

"ఇంతకీ ఆ సంగటి ఎవరు వండారమ్మా?" అన్నారు జడ్జిగారు.

ఈ ప్రశ్న ఎవరడుగుతారా అని కోడలు కాపురానికి వచ్చినప్పటి నుంచీ చూస్తోంది. "నేనే సార్! ఆ పొద్దు ఒక్కటే కాదు, పద్నాలుగేండ్ల నుంచీ నేనే. మా అత్త మంచం దిగకుండా పేరు తెచ్చుకుంటాది."

కంపెనీ వకీలు ముందుకు వంగాడు. "అంటే ప్రమాదానికి ముందు కూడా ఆమె ఏ పనీ చేసేది కాదన్నమాట!"

ఇస్తానన్న రెండు లక్షలూ పోయినట్టే అనుకున్నాను. కోడలు మాత్రం తడుముకోలేదు.

"వంట చేసేది కాదన్నాను గానీ పని చెయ్యదన్నానా సార్? మూడు బర్రెల పాలు ఆమే పిండేది. ఆ చేత్తో ఇప్పుడు పిండలేదని రెండు అమ్మేసినాము. మూడోదాని కాడికి నేను పోతే ఎగిరి తన్నింది. చూపించమంటారా?"

చీర కుచ్చిళ్ల మీదికి చెయ్యి పోతుంటే జడ్జిగారు "వద్దమ్మా, నమ్మాం" అని నవ్వారు. "సంగటికి నీళ్ల కొలత మాత్రం నాదే" అనబోయాను. వకీలు బల్ల కింద నా కాలు తొక్కాడు.

మొత్తం రెండు లక్షల ముప్పై ఐదు వేలకు ఒప్పందమైంది. పాత ఖర్చూ ఆపరేషనూ పోను మూడు వేల చిల్లర మిగులు అన్నాను. తన ఫీజు గుర్తొచ్చి వకీలు దగ్గాడు.

బస్సులో కోడలు కిటికీ పక్క సీటు తీసుకుంది.

"జడ్జి ముందర తేలిపోయినాది అత్తా. ఇంక సంగటి నాది."

"చెయ్యి సరికానీ. అప్పుడు చూద్దాం, తెడ్డు ఎవరు పడతారో."

"చెయ్యి సరైతే బర్రె కాడికి పో. నన్ను మళ్లీ తన్నించబాక."

సోమవారం ఆపరేషన్. కట్టు విప్పేదాకా ముద్ద కోడలే నోట్లో పెట్టాలి. ప్రతి ముద్దకూ బాగుందనాలట, అదీ పక్కింటికి వినపడేలా. ఇప్పటినుంచే నాతో అనిపించి చూస్తోంది.