ఎనిమిది ఇళ్ల డబ్బా

మా గల్లీ మూలన స్తంభానికి ఒక నల్ల డబ్బా ఉండేది. బిగించింది నేనే. మా నాన్న సూరత్ వచ్చి జీవితమంతా సాంచాలు నడిపాడు. నాకు ఆ మగ్గాల చప్పుడు పడక ఇంటర్నెట్ లైన్ల పనిలో చేరాను.

డబ్బాలో వేలెడంత స్ప్లిటర్ ఉంటుంది. వెంట్రుకంత గాజు తీగ ఒకటి లోపలికి పోతుంది, ఎనిమిది బయటికొస్తాయి. కరెంటు అక్కర్లేదు, మోటారు అక్కర్లేదు. వచ్చిన వెలుతురు దానంతటదే ఎనిమిది పాళ్లవుతుంది. ఒకరు కుళాయి కట్టేస్తే పక్కింట్లో ధార పెరిగినట్టు ఇక్కడ పెరగదు. ఇంట్లో మనుషులున్నా లేకున్నా ఎవరి వాటా వాళ్లింటికి పోతూనే ఉంటుంది. లోపల ఎవరున్నారో డబ్బాకు తెలియదు. తెలుసుకోవాల్సింది నాలాంటివాడే.

కరోనా రెండోసారి విరుచుకుపడ్డప్పుడు మేముండే లింబాయత్‌లో సాంచాలు ఆగిపోయాయి. సగం గదులకు తాళాలు పడ్డాయి. ఒకరోజు పొద్దున వెనక గల్లీలో ఉండే ఆమె వచ్చింది. భర్త కరోనా వార్డులో ఉన్నాడు.

"అన్నా, దవాఖానల రోజుకొక్కపారి వీడియోల చూపిస్తరట. నా ఫోన్ల బొమ్మ నిలుస్తలేదు. జర లైన్ గుంజియ్యవా?"

డబ్బాలో ఎనిమిదీ నిండిపోయాయి. కొత్త సామాను రావడం లేదు. నా సంచిలో ఒక చిన్న స్ప్లిటర్ ఉంది, దాంతో ఒకరి వాటాను ఇద్దరికి పంచొచ్చు. కానీ మీటరు పెట్టి చూస్తే వెలుతురు అప్పటికే మైనస్ ఇరవై ఐదు, మోడెం నడవడానికి బొటాబొటి. అందులో సగం చేస్తే ఇద్దరి మోడెంలోనూ ఎర్రలైటే. అంటే ఎవరిదో ఒకరి తీగ పిన్ను పీకాలి.

ఎనిమిదింటిలో ఒకటి మాది. మా అమ్మాయి ఆన్‌లైన్‌లో పరీక్షలు రాస్తోంది. దానిమీద నా చెయ్యి పోలేదు. ఆరిళ్లలో మనుషులున్నారు. మిగిలింది చివరి గదిది, బయట తాళం వేసి ఉంది. అందులో మా ఊరివైపు నుంచి వచ్చిన ఒక పెద్దాయన ఉండేవాడు. చుట్టరికం లేకపోయినా మామ అనేవాణ్ని. గదిలో తోటివాడితో కలిసి ఊరికి పోయాడనుకున్నాను. ఆఫీసుకు ఫోన్ చేస్తే ఆ గది మోడెం నడుస్తోందో లేదో ఒక్క నిమిషంలో చెప్పేవాళ్లు. చెయ్యలేదు. తాళం కనబడుతుంటే ఇంకా అడిగేదేముంది అనుకున్నాను. నా బుద్ధి గడ్డి తిన్నది అక్కడే.

ఆ పిన్ను పీకి ఆమెకు లైను ఇచ్చాను. పదకొండింటికి ఆమె భర్త ఫోన్లో కనబడ్డాడు. ముక్కుకు పైపు పెట్టి ఉంది, కొంచెం చెయ్యి ఎత్తాడు. ఆమె ఏడ్చింది. పుణ్యం చేశానని నేను ఆ పూట రెండు ముద్దలు ఎక్కువే తిన్నాను. ఆయన బతికి ఇంటికొచ్చాడు. నేను ఎదురుపడితే ఆమె ఇప్పటికీ చేతులు జోడిస్తుంది. చూస్తే నాకు ఒళ్లు మండుతుంది, ఆమె మీద కాదు.

పిన్ను పీకిన నాలుగో రోజు మధ్యాహ్నం ఊరి నుంచి మామ భార్య ఫోన్ చేసింది.

"బిడ్డా, మీ మామ మూడొద్దుల సంది ఫోన్ల కలుస్తలేడు. నెట్ గిట్ల పోయిందా, జర చూడు."

"మామ ఊరికి రాలేదా అత్తమ్మా?"

"యాడికొస్తడు? జెరమొచ్చింది. కార్పొరేషనోళ్లు ఎత్కపోతరని తోటి పిలగానితోని బయట తాళమేయించుకుండు. ఆ పిలగాడు తాళంచెవి కిటికిలకెల్లి లోపలేసి ఊరికొచ్చిండు. రీచార్జ్ గూడ అయిపాయె. వైఫై మీదనే పొద్దుగాల ఒకపారి, మాపటికొకపారి మొకం చూపించెటోడు."

పిన్ను పీకింది నేనేనని చెప్పలేదు. ఇప్పుడే చూస్తానన్నాను.

ముందు తలుపు దగ్గరికి పోవాల్సింది. స్తంభం దగ్గరికి పోయాను. నెట్ వస్తే మామ ఫోన్ ఎత్తుతాడు, నేను చేసింది ఎవరికీ తెలియదు, ఇదీ నా ఆలోచన. ఈసారి మా ఇంటి పిన్ను పీకి ఆ చోట మామ లైను పెట్టాను. మొదటి రోజే ఈ పని చేసి ఉంటే మా అమ్మాయికి ఒక పరీక్ష పోయేది, అంతే.

"వచ్చింది అత్తమ్మా, ఇప్పుడు చెయ్యి" అని ఆమెకు ఫోన్లో చెప్పి గది వైపు నడిచాను.

నేను పోయేసరికి లోపల ఫోన్ మోగుతోంది. కిటికీ సందులోంచి మోడెం పచ్చలైటు, పక్కనే చార్జింగ్‌లో పెట్టిన ఫోన్ కనబడ్డాయి. ఆ సందులోంచే వాసన వచ్చింది. ఫోన్ మోగి మోగి ఆగిపోయింది.

వెంటనే నా ఫోన్ మోగింది. అత్తమ్మే.

"నెట్ వచ్చినట్టుంది బిడ్డా, ఫోన్ పోతుంది. ఎత్తుతలేడు, పండుకున్నడేమో. మళ్ల చేస్తా."

"సరే అత్తమ్మా" అన్నాను.

రాయి తీసుకుని తాళం మీద కొట్టడం మొదలుపెట్టాను. తాళం ఊడకముందే లోపల ఫోన్ మళ్లీ మోగింది.