చిగుళ్ళు విరిచే పని

మా పెరట్లో కుళాయి పక్కన ఒక మోడు ఉంది. బూరల్లా పొడవాటి పూలు తలకిందులుగా వేలాడే పెద్ద ఉమ్మెత్త అది. మా అమ్మాయి నాటింది. అరకులో ఎవరి తోటలోనో కొమ్మ అడిగి, తడి తువ్వాలులో చుట్టి, చింతపల్లి దాకా జీపులో ఒళ్ళో పెట్టుకుని తెచ్చింది.

"ఏటే, పుల్లముక్కని పసిబిడ్డలాగ మోసుకొచ్చినావు?" అని వెక్కిరించాను. ఎవరి పిచ్చి వారికానందం అనుకున్నాను. ఆ పుల్లే బతికింది. ఎన్ని నీళ్ళు పోసినా దానికి చాలేవి కావు, ఒక్క పూట మరిస్తే ఆకులన్నీ వేలాడేసి అలిగేది. చలికాలం మంచుకు మాడిపోకుండా మా అమ్మాయి గోనెసంచి కప్పేది. నా వంటింట్లో బియ్యం కడుగు నేరుగా దాని మొదట్లోకే వెళ్ళేది. దీపం పెట్టే వేళకి పూల వాసన ఇల్లంతా నిండేది. "ఇప్పుడేటంటావమ్మా?" అనేది. "బాగానే ఉందిలే" అనేదాన్ని. అంతకుమించి మెచ్చుకోలు నా నోట రాదని దానికి తెలుసు.

జ్వరమని జీపులో ఘాటు దిగి కింద ఆసుపత్రికి వెళ్ళిన నా కూతురు మళ్ళీ పైకి రాలేదు. అల్లుడు ఏడాది నిండని పిల్లను నా ఒళ్ళో పెట్టాడు.

పిల్ల పాకడం మొదలుపెట్టింది. దొరికినదల్లా నోట్లోకే. ఒకరోజు రాలిన పువ్వు దాని పిడికిట్లో కనిపించింది. కాఫీతోట పనికి పోతూ మా గుమ్మంలో ఆగిన పక్కింటావిడ పరుగున వచ్చి లాగేసింది.

"అమ్మా, దీన్ని మేక కూడా ముట్టదు. మేకకున్న తెలివి పసిగుంటకేటుంటాది? బేగి కొట్టీండి."

పెరటి చెట్టు మందుకు పనికిరాదంటారు. మాది విషానికి పనికొచ్చే చెట్టు, ఆకు నుంచి వేరు దాకా. తనే నరుకుతానని ఆవిడ కత్తి అడిగింది. ఇవ్వలేదు. నేనే నరికాను. కూతురు పోయిన రోజు రాని ఏడుపు ఆ రోజు వచ్చింది. వేరుతో సహా తవ్వించమన్నారు గానీ, అది మాత్రం నావల్ల కాలేదు.

అందుకే వాన పడితే చాలు, మోడు చిగురేస్తుంది. నీళ్ళు పోసి బతికించుకున్న చెట్టుకి ఇప్పుడు నేను చేసే సేవ చిగుళ్ళు విరవడమే. విరిచి, సబ్బుతో చేతులు కడుక్కుని, అప్పుడు పిల్లకి అన్నం కలుపుతాను.

పిల్ల ఇప్పుడు అంగన్‌వాడీకి వెళ్తోంది. ఈ వానలకి నా వెనకే వచ్చి నిలబడింది.

"అమ్మమ్మా, ఎందుకు విరిసేత్తన్నావు?"

"విషం తల్లీ. నువ్వు నోట్లో ఎట్టీసుకుంటావని."

"మరెవులు నాటినారు?"

"మీ అమ్మ."

అమ్మంటే దానికి గోడ మీద ఫోటోయే. కాసేపు మోడు వంక చూసింది. తర్వాత రెండు చేతులూ వీపు వెనక పెట్టుకుంది.

"నాను ముట్టుకోను. అతికించీ అమ్మమ్మా."

విరిగిన చిగురు ఇంకా నా చేతిలోనే ఉంది. చేతులు కడుక్కోవడానికి కుళాయి తిప్పాను. పిల్ల చేతులు వెనక్కి పెట్టుకుని అలాగే నిలబడి ఉంది.