అప్పలస్వామి చదివిన రెండో పేజీ

అప్పలస్వామి పరమపదించాడన్న వార్త సోమవారం పొద్దున్న ఆఫీసులో నా బల్ల దగ్గరికి వచ్చింది. తెచ్చినవాడు మా అటెండరు గవరయ్య. "సూపర్నెంటు గారండీ, అప్పలసామి బావ పోనాడండి. పద్మనాభంలో బస్సెక్కబోతా అలాగే కూలబడిపోనాడంట," అన్నాడు, తువ్వాలు నోటికి అడ్డం పెట్టుకుని. నా చేతిలో కలం ఆగిపోయింది. ఏళ్ళ తరబడి ఒకే కప్పు కింద పనిచేసిన మనిషి! హృదయం స్తంభించింది, నిశ్చేష్టుణ్ణయ్యాను అని రాయడం ఇలాంటి సంస్మరణ వ్యాసాల మర్యాద. స్తంభించిన మాట నిజమే. కాని మరుక్షణం అదే గుండెలో మెదిలిన ఆలోచన ఏమిటో కూడా చెప్పేస్తాను: వీడి అంత్యక్రియలకు ఎంతమంది వస్తారో, రేపు నాకెంతమంది వస్తారో!

వచ్చారు. మామూలుగా రాలేదు. ఫిషింగ్ హార్బర్‌లో చేపల వేలం మధ్యలో వదిలేసి ఆడవాళ్ళు వ్యాను కట్టించుకుని వచ్చారు. భీమునిపట్నం బస్సుల డ్రైవర్లు వచ్చారు. ఒకరి మొహం ఒకరు చూసుకోని కార్పొరేటర్లు వచ్చి పక్కపక్కన నిలబడ్డారు. ఉక్కు కర్మాగారం కోసం ఊళ్ళు ఖాళీ చేసి, అందులోనే పనికి కుదిరిన నలుగురు యూనిఫారాలతోనే వచ్చి పాడె మోశారు. నేను దండ పట్టుకుని ఆ వరుసలో నిలబడి లోలోపల ఉడికిపోయాను. పార్థివదేహాన్ని చూసి అసూయపడ్డ ప్రబుద్ధుణ్ణి ఈ విశాఖపట్నంలో నేనొక్కణ్ణేనేమో! పోయినవాళ్ళ గురించి మంచే రాయాలంటారు. మంచే రాస్తాను. అది రాయడమే నాకు కష్టం.

అప్పలస్వామి పద్మనాభం దగ్గర వరి పండించుకునే కుటుంబంలో పుట్టాడు. స్కూలు ఫైనలు ప్యాసై, మా పురపాలక కార్యాలయంలో గుమాస్తాగా చేరాడు. రికార్డు గది అతని సామ్రాజ్యం. పాత ఫైళ్ళకు అట్టలు వేసి, గుడ్డతో కట్టలు కట్టి, అడిగినప్పుడు తీసివ్వడం అతని ఉద్యోగం. రోజూ బస్సులో వచ్చేవాడు, బస్సులో వెళ్ళేవాడు. కమిషనరును తప్ప అందర్నీ బావా అనేవాడు. నేను గోదావరి జిల్లా నుంచి వచ్చినవాణ్ణి, పట్టభద్రుణ్ణి, అతనికంటే రెండు మెట్లు పైవాణ్ణి. నన్నూ బావా అనేవాడు. నేను మాత్రం ఒక్కనాడు కూడా అతణ్ణి తిరిగి అలా పిలవలేదు.

ఇక కెనడా సంగతి. మాది ఇంకా కార్పొరేషన్ కాక ముందు, మునిసిపాలిటీగా ఉన్న రోజుల్లో, కెనడాలోని ఒక చిన్న నగరం నుంచి మా ఆఫీసుకు ఒక ఆహ్వానం వచ్చింది. ఆ ఊరివాడొకడు ఓడ ఇంజనీరుగా మన పోర్టుకు వచ్చి, ఇక్కడి జనం ఆదరణకు మురిసిపోయి, తిరిగి వెళ్ళి తమ నగర సభలో చెప్పాడట. రెండు ఊళ్ళ మధ్య స్నేహం పెరగాలి, మీ క్లర్కును మూడు నెలలు మా దగ్గరికి పంపండి, మా నగరపాలన ఎలా నడుస్తుందో చూపిస్తాం అని వాళ్ళు రాశారు. వెళ్ళినవాడు అప్పలస్వామి. పదేళ్ళకు పైగా నేను అందరికీ చెబుతూ వచ్చిన కథ ఏమిటంటే, ఆ అవకాశం న్యాయంగా నాది, అతడెవరో పెద్దమనిషిని పట్టుకుని తన్నుకుపోయాడు అని. ఆ కథ తేల్చడానికే, ఆఫీసువాళ్ళు అడిగితే ఈ వ్యాసం రాస్తానని ఒప్పుకున్నాను.

అప్పలస్వామి తిరిగి వచ్చిన రోజున ఆఫీసు వసారాలో జనం ఈగల్లా మూగారు. అతను బల్ల మీద కాళ్ళు ముడుచుకుని కూర్చుని చెబుతున్నాడు. చొక్కాకు ఆ నగరం వాళ్ళిచ్చిన చిన్న బిళ్ళ తళతళలాడుతోంది. నేను నా గదిలో ఫైలు తిరగేస్తున్నట్టు నటిస్తూ చెవులు రిక్కించాను.

"ఊరేటి పెద్దది కాదు బావా. మన పూర్ణా మార్కెట్టు సాయంత్రం జనమంతే. ఓ మేయరు, ఎనమండుగురు మెంబర్లు. వార్డుల్లేవు! ఊరంతా కలిసి అందర్నీ ఎన్నుకుంటాది."

"వార్డుల్లేపోతే, కొళాయి రాపోతే ఎవుల్ని తిట్టాలి?" అన్నాడు గవరయ్య.

"అందర్నీ తిట్టొచ్చు. అదే సుకం! మెంబర్లు ఏటి సెయ్యాలో సెప్తారు గానీ ఎలగ సెయ్యాలో సెప్పరు. దానికి జీతమిచ్చి ఒక మేనేజర్ని పెట్టుకున్నారు. మెంబరెల్లి రోడ్డు మేస్త్రీకి హుకుం ఇచ్చాడనుకో, మేనేజరు ఊరుకోడు. మీటింగు సోమారం సాయంత్రం. తలుపులు బార్లా తీసుంటాయి. ఎవుడైనా ముందు పేరిచ్చుకుని లోపలికెల్లి కాసేపు మాట్లాడొచ్చు. ఓ ముసలమ్మ మంచు గురించి మాటాడింది. ఇంటి ముందర మంచు ఇంటోళ్ళే తియ్యాలని ఆళ్ళ రూలు. నడుము పడిపోయినోళ్ళు ఎలగ తీస్తారయ్యా అనడిగింది. ఎనమండుగురూ నోర్మూసుకుని ఇన్నారు."

"మరి నిన్ను ఎక్కడ కూకోబెట్టారు?" అనడిగారెవరో.

"అదే తమాషా. ఆళ్ళకి క్లర్కంటే మనలాగ గుమస్తా కాదు. ఊరి ముద్ర ఆ క్లర్కమ్మ దగ్గరుంటాది. మేయరు సేత ప్రమాణం సేయించేది ఆయమ్మే, ఎన్నికలు జరిపేది ఆయమ్మే. మేయరు తప్పు సెప్తే, అయ్యా రూలలగ లేదు అని అందరి ముందూ అనగలిగేది ఆయమ్మొక్కర్తే. నన్ను అంతటోణ్ణనుకుంటారని తెలుసు గదా, దిగిన రోజే మేయరికి ముందే సెప్పీసినాను. బావా, నాను మీరనుకున్న క్లర్కుని కాను, కట్టలు కట్టుకునేవోణ్ణి అని. అప్పుడా క్లర్కమ్మ నవ్వి, నేనూ కట్టలు కట్టే ఇక్కడికొచ్చాను అని తన పక్కన కుర్సీ ఏయించింది."

ఈ మాట విని వసారా అంతా చప్పట్లు కొట్టింది. నా ఒళ్ళు భగ్గున మండింది. నేనే వెళ్ళి ఉంటే ఆ నిజం చెప్పి ఉండేవాణ్ణా? రామరామ! ఆ కుర్చీలో పుట్టినట్టే కూర్చుని, మూడు నెలలూ గంభీరంగా తల పంకించి వచ్చేవాణ్ణి. అది నాకు తెలుసు గనకే మరీ మండింది. ఆ కోపంలో, వెళ్ళక ముందే అతనికా సంగతి ఎలా తెలిసిందన్న ప్రశ్న నాకు తట్టలేదు.

అక్కడి నుంచి అతడు తెచ్చిన అసలు సొత్తు ఒక అలవాటు. ఆ నగర సభలో ఏ కొత్త నిబంధన పెట్టాలన్నా దాన్ని మూడుసార్లు చదవాలట. మూడో పఠనం అయితే గాని అది చెల్లదు. అప్పలస్వామి దాన్ని తన రికార్డు గదికి దింపుకున్నాడు. సోమవారం సాయంత్రం గది తలుపులు తీసిపెట్టి, వచ్చినవాళ్ళ అర్జీలు రాసిపెట్టేవాడు. అది అతని పని కాదు, ఎవరూ చెప్పలేదు. "ఒకపాలి కళ్ళతో సదవాల బావా. రెండోపాలి ఎవులు రాయించుకున్నారో ఆళ్ళ నోటితో సదవాల. మూడోపాలి ఆళ్ళ గుమ్మంలో నిలబడి సదవాల," అనేవాడు. నేను దీన్ని కెనడా పిచ్చి అని ఎద్దేవా చేశాను. నలుగురు నవ్వారు కూడా.

ఒక సోమవారం ఫిషింగ్ హార్బర్ నుంచి నూకరత్నం అనే చేపలమ్మే మనిషి వచ్చింది. వాళ్ళ వీధి కాలవ గురించి అంతకు ముందు రెండుసార్లు అర్జీ పెట్టుకుంది. రెండుసార్లూ మావాళ్ళు వెళ్ళి కాలవ పూడిక తీసి వచ్చారు. అయినా మళ్ళీ వచ్చి కూర్చుందేమని నేను విసుక్కున్నాను. అప్పలస్వామి రాశాడు, చదివాడు. ఆమె చేత చెప్పించి మళ్ళీ చదివాడు. మర్నాడు పొద్దున్నే బస్సు దిగి సరాసరి ఆమె గుమ్మంలోకి వెళ్ళి మూడోసారి చదివాడు. అప్పుడామె నెత్తి కొట్టుకుందట. "ఓలమ్మో! కాలవ కాదు బాబూ, కాలవ మీద పలక! పలక ఇరిగిపోయి గంప నెత్తినెట్టుకుని దాటలేక సత్తన్నాం. నాను కాలవ కాలవంటే మీరు కాలవే రాసుకున్నారు!" వారం తిరక్కుండా రాతిపలక పడింది. ఆ తర్వాత మా ఇంటికి చేపలు తెచ్చినప్పుడల్లా నూకరత్నం అప్పలస్వామిని పొగిడేది. నా భార్య అది విని నా వైపు చూసి, "చూసి నేర్చుకోండి ఆయన్ని" అనేది. మా వంటింట్లో కూడా వాడి కీర్తే! ఆ రోజుల్లో చేపలు తినడం మానేద్దామా అనుకున్నాను.

నేను ఎంత అల్పుణ్ణో చెప్పే సంఘటన ఇంకొకటుంది. ఒకనాడు క్యాంటీన్లో టీ తాగుతూ, కొత్తగా చేరిన గుమాస్తాలకు నా పాత కథ వినిపిస్తున్నాను. అర్హత నాది, పలుకుబడి అతనిది అని. వెనక నిలబడ్డ అప్పలస్వామిని చూసుకోలేదు. వాళ్ళలో ఒక కుర్ర గుమాస్తా వెనక్కి తిరిగి, "ఏటి బావా, సూపర్నెంటు గారి సీటు లాక్కున్నావంట?" అన్నాడు నేరుగా. అప్పలస్వామి టీ గ్లాసు కింద పెట్టి, నా వైపు ఒకసారి చూసి, "ఔను బావా, లాక్కున్నాను. మరేటి సేత్తాను, ఇమానం ఎక్కాలని సరదా పుట్టింది," అన్నాడు. అందరూ నవ్వారు. మర్నాటి నుంచి ఆ బిళ్ళ చొక్కా మీద కనిపించలేదు. నా చూపు దానికి తగులుతోందని తీసేశాడు కాబోలు. అప్పుడు నాకు గెలిచినట్టు అనిపించింది.

అంత్యక్రియల మర్నాడు రికార్డు గది తాళాలు తాత్కాలికంగా నాకప్పగించారు. మొట్టమొదట ఆ కెనడా ఫైలు కోసమే వెళ్ళాను. ఎందుకో దాచను. అందులో నా చేతిరాతతో ఒక నోటు ఉంది, దాన్ని చింపేయాలని వెళ్ళాను. దొంగలా వెళ్ళలేదు, సూపరింటెండెంటు హోదాలోనే వెళ్ళాను. ఆ హోదాలో దొంగతనం సులువు. ఆ నోటు సంగతి నాకూ, ఎప్పుడో బదిలీ అయిపోయిన అప్పటి పెద్ద అధికారికీ తప్ప ఎవరికీ తెలియదని నా ధీమా. కట్టలు కట్టేవాడు లోపలేముందో చదువుతాడా అనుకున్నాను. ప్రతి కాగితం మూడుసార్లు చదివేవాణ్ణి గురించి నేననుకున్న మాట అది!

ఫైలు దాని స్థానంలోనే ఉంది. దాచలేదు, పైకి తీసి పెట్టనూ లేదు. నా నోటు ఇది: "ఆహ్వానము క్లర్కునకు ఉద్దేశింపబడినది. ఇటీవలనే సూపరింటెండెంటు పదవిని అలంకరించిన నన్ను ఈ పదము క్రిందకు తెచ్చుట అనుచితము. క్లర్కులలో నెవరినేని పంపవచ్చును." అవును, నేనే. మొదట నన్నే పిలిచి వెళ్ళమన్నారు. క్లర్కు అన్న మాట చూసి నా కొత్త పదవికి పౌరుషం పొడుచుకొచ్చింది. ఉత్తరంలో మొదటి పేజీ చదివి కలం తీశాను. రెండో పేజీ తిప్పలేదు. తర్వాత అప్పలస్వామి మేయరు పక్కన కూర్చున్న ఫోటో వచ్చినప్పుడు గాని నేనేం పోగొట్టుకున్నానో తెలియలేదు. తెలిశాక, నా చేతులారా పోగొట్టుకున్నానని చెప్పుకోలేక, వాడు తన్నుకుపోయాడన్నాను.

నోటు చింపబోతూ మొదటిసారిగా ఆ మొదటి పేజీ తిప్పాను. వెనక ఉత్తరం రెండో పేజీ ఉంది. మా నగరంలో క్లర్క్ అంటే ఇది, ఇతని బాధ్యతలివి, మీ వద్ద దీనికి సమానమైన అధికారిని పంపగలరు అని విపులంగా ఉంది. దానికి గుచ్చి ఇంకో కాగితం. గుండ్రటి అక్షరాలు. "అయ్యా, ఈ పిలుపు నాబోటివాడికి కాదు. రెండో పేజీ చూడ ప్రార్థన. క్లర్కు అంటే అక్కడ పెద్ద అధికారి. సూపరింటెండెంటు గారు ఈ పేజీ చూసినట్టు లేదు. దయతో వారినే పంపగలరు. ఇట్లు, అప్పలస్వామి." కింద ఎర్ర సిరాతో పెద్ద అధికారి ఆజ్ఞ: "ఆయన లిఖితపూర్వకంగా నిరాకరించారు. మీరే వెళ్ళండి."

ఏడుపు వచ్చిందని రాయాలి. వచ్చింది, కాని ముందు కోపం వచ్చింది. ఒరే! నాకు న్యాయం జరగాలని అడిగినవాడివి, అది జరగకపోతే ఊరుకున్నవాడివి, క్యాంటీన్లో పదిమంది ముందు నా అబద్ధాన్ని నీ నెత్తిన వేసుకున్నవాడివి! ఈ తాళాలు ఇన్నేళ్ళూ నీ మొలకే వేలాడాయి. ఒక్కసారి ఈ కాగితం తెచ్చి బల్ల మీద పడేస్తే నా నోరు మూతపడేది. ఎందుకు పడెయ్యలేదయ్యా? నీ ప్రయాణం మీద అసూయపడ్డాను, నీ బిళ్ళ మీద పడ్డాను, నీ పాడె వెనక నడిచిన జనం మీద పడ్డాను. ఇప్పుడు చూస్తే అసూయపడవలసిన దాని జోలికే నేను పోలేదు.

సోమవారాలు ఇంకా జనం వస్తున్నారు. మూసిన తలుపు చూసి కాసేపు నిలబడి వెళ్ళిపోతున్నారు. ఆ గదికి మరో గుమాస్తాను వేస్తారు, కట్టలు కడతాడు. గుమ్మందాకా వెళ్ళి చదివేవాణ్ణి ఎక్కణ్ణుంచి తెస్తారు? మొన్న నూకరత్నం వచ్చింది. "మరి మా కాయితం ఎవులు సదువుతారు బాబూ?" అంది.

నోటు చింపలేదు. ఫైలు ఇంటికి పట్టుకుపోలేదు, అదే గదిలో కూర్చుని, అతను చెప్పినట్టే చదివాను. కళ్ళతో ఒకసారి. అతని నోటితో, ఆ యాసతోనే, పైకి ఒకసారి. మూడోసారి ఆ కాగితాలతో పద్మనాభం బస్సెక్కి వెళ్ళి, అతని గుమ్మంలో నిలబడి, అతని భార్యకూ పిల్లలకూ వినపడేలా నా నోటుతో సహా చదివాను. తిరిగి వచ్చి దాని కిందే ఇంకో నోటు రాశాను: "పై నోటు నాది. రెండో పేజీ చదవకుండా రాసినది. వెళ్ళవలసినవాడే వెళ్ళాడు." సంతకం చేశాను. సంతకం కింద హోదా రాయడం ఆఫీసు రివాజు. చెయ్యి అలవాటుగా 'సూప' దాకా వెళ్ళి ఆగింది. దాన్ని కొట్టేసి, పక్కన 'క్లర్క్' అని రాశాను. ఆ మాటకు తగుదునో లేదో తెలియదు. నువ్వుంటే మూడుసార్లు చదివి చెప్పేవాడివి, బావా.