ఈడుపుకాళ్ళ మావయ్య

ఆ పెద్దాయన నేల మీంచి కాలెత్తగా చూసినవాళ్ళు భూమ్మీద లేరు. సర్... సర్... సర్... ఈడ్చుకుంటూ నడిచేవాడు. కాళ్ళనొప్పా అంటే కాదు. బద్ధకమా అంటే పొద్దున్నే ఊరంతా చుట్టి వచ్చేవాడు, ఈడ్చుకుంటూనే.

చెప్పులు కుట్టేవాడికి ఆయనంటే పంచప్రాణాలు. వీధి చివర చప్పుడు వినపడగానే దారం ఎక్కించి కూర్చునేవాడు.

"ఏం బాబాయ్, ఇవి కూడా తినేశావా?"

"నేనెక్కడ తిన్నానురా, రోడ్డు తినేసింది."

ఒకసారి ఎవరినో చూడ్డానికి ఆసుపత్రికి వెళ్తే, ఆ చప్పుడు విన్న నర్సమ్మ తలెత్తకుండానే, "మంచం కింద కూడా బాగా ఊడ్చు" అంది. కాదని ఆవిణ్ణి చిన్నబుచ్చడం ఎందుకని, చీపురు అడిగి తీసుకుని వార్డంతా ఊడ్చి మరీ వచ్చాడు.

ఇంట్లో ఆయన మంచం నుంచి వంటింటి దాకా గచ్చు మీద రెండు చారలు అద్దంలా నున్నగా తేలాయి. అవి చూసినప్పుడల్లా ఆయన భార్య ఒంటికాలి మీద లేచేది.

"కాలెత్తి నడిస్తే నీ సొమ్మేం పోతుందయ్యా?"

"ఎత్తితే మళ్ళీ దించాలి కదే. దించేచోట టేకు ఉంటే?"

"వంటింట్లో టేకేంటి, నీ మొహం!"

"ఉందో లేదో తొక్కాక తెలిస్తే లాభమేంటే?"

టేకంటే చాటంత వెడల్పున, పలచగా ఉండే చేప. ఒడ్డు దగ్గర మోకాలి లోతు నీళ్ళలో రెక్కలు అల్లాడించి, లేచిన ఇసకనే దుప్పటిలా కప్పుకుని పడుకుంటుంది. నోరు అడుగున, కళ్ళు పైన. కళ్ళ వెనక ఊపిరికి నీళ్ళు పీల్చుకునే రెండు కన్నాలు. పీతల్నీ గుల్లల్నీ నమిలి తినడమే గానీ మనుషుల జోలికి రాదు. మీద కాలేస్తే మాత్రం తోక తిప్పి ముల్లు దింపుతుంది. మీసాలున్న మగాళ్ళు కూడా అమ్మా అని ఏడవాల్సిందే. కాళ్ళు ఈడ్చుకుంటూ వెళ్తే ఇసక కదలడం పసిగట్టి, తనే లేచి దారిస్తుంది. పెద్దాయన వయసులో ఉన్నన్నాళ్ళూ విసురువలతో ఆ నీళ్ళలోనే బతికాడు. వల వదిలేశాడు గానీ నడక వదల్లేదు.

ఆ ఇంటి కొత్తకోడలికి మాత్రం ఈ నడక ప్రాణం తీసేది. తెల్లారకముందే రొయ్యలు ఒలిచే షెడ్డుకి వెళ్ళి, మధ్యాహ్నానికి తిరిగొచ్చేది. తిన్నాక అత్తగారు వసారాలో, తను వెనకగదిలో చిరిగిన వలలు బాగుచెయ్యాలి. ఈమధ్య ఎందుకో కళ్ళు వాటంతటవే మూతలు పడిపోయేవి. ఎందుకో ఆమెకి తెలుసు, మొగుడికి తెలుసు. కాస్త నిలకడ చిక్కేదాకా అత్తగారి చెవిన వెయ్యడానికి భయం. వల పక్కన పడేసి, నేలమీద దుప్పటి కప్పుకుని కునుకు తీసేది.

కన్ను అంటుకుందో లేదో, సర్... సర్... సర్...

"ఈ ముసలాయన కాళ్ళు పడిపోనూ" అని లోలోపల తిట్టుకుంటూ లేచి వల చేతిలోకి తీసుకునేది. ఆ వెంటనే అత్తగారు గుమ్మంలోకి వచ్చేది. ఆ రెండింటికీ ముడిపెట్టి చూసే తెలివి నిద్రమొహానికి ఎక్కడుంటుంది?

చివరికి కోడలే మెత్తటి చెప్పులు కొనుక్కొచ్చింది. పిల్లి నడిచినంత చప్పుడు కూడా రాదు వాటితో.

"చప్పుడు రావట్లేదే తల్లీ" అన్నాడు బిక్కమొహం వేసి.

"అందుకేగా మావయ్యా తెచ్చింది!"

కోడలు తెచ్చింది కాదనలేక వేసుకున్నాడు. అత్తగారు మురిసిపోయింది. ఆ మధ్యాహ్నం దారపు ఉండ కోసం వెనకగదిలోకి వెళ్ళి, వెలుతురులోంచి వచ్చిన కళ్ళకి ఏమీ కనపడక, పడుకున్న కోడలి చేతిని కసక్కున తొక్కింది.

"కళ్ళు నెత్తికెక్కాయా? మనిషి కనపడలేదా?" కోడలు కెవ్వుమంది.

"పట్టపగలు గుర్రుపెట్టింది నువ్వు, కళ్ళు నెత్తికెక్కింది నాకా? మీ అమ్మ నేర్పింది ఇదేనా?"

అమ్మ మాట రాగానే ఇంకేముంది. కోడలు పుట్టింటికి పోతానని సంచిలో చీరలు కుక్కడం మొదలెట్టింది. పొమ్మంది అత్త. పెద్దాయన గుమ్మానికి అడ్డంగా కూర్చుని, మెత్తటి చెప్పులు విప్పి ఒళ్ళో పెట్టుకున్నాడు.

"కుట్టినదానిదీ తప్పు కాదు, తొక్కినదానిదీ తప్పు కాదు. మొహమాటపడి ఇవి వేసుకున్న నాది తప్పు."

"మధ్యలో నీ గోలేంటి?" అంది భార్య.

"నువ్వు వల దించి లేవబోయినప్పుడల్లా మంచినీళ్ళని వంకపెట్టి నీకంటే ముందు బయల్దేరేవాణ్ణి."

కోడలి చేతిలో చీర ఆగిపోయింది. అత్తగారికి అప్పుడు వెలిగింది.

"ఇన్నాళ్ళూ నీకంత దాహం ఇందుకా! అయితే ఇది టేకు, నేను కాలునా?"

"కడుపుతో ఉన్న టేకు లోతుకి పోదే" అన్నాడాయన, ఎవరి మొహమూ చూడకుండా. "వెచ్చటి నీళ్ళలో ఒడ్డు చేరి కదలకుండా పడుకుంటుంది. అది గుడ్లు పెట్టదు, పిల్లల్నే కంటుంది. దాన్ని లేపకూడదు."

అత్తగారు కోడలి మొహంలోకి చూసింది.

"అవునా?"

కోడలు నేల చూపులు చూస్తూ తలూపింది. అత్తగారు సంచిలో చీరలన్నీ ఒక్కొక్కటే తీసి మళ్ళీ దండెం మీద వేసింది. తిట్టుకుంటూనే, మడత చెడకుండా.

మర్నాడు మధ్యాహ్నం కోడలికి కళ్ళు మూతలు పడ్డాయో లేదో, సర్... సర్... వినపడింది. అలవాటుకొద్దీ వల కోసం తడుముకుంటూ లేవబోయింది.

"లేవకు, పడుకో. నేనే, చెప్పి వస్తున్నా."

చూస్తే అత్తగారు! మొగుడి పాత చెప్పులు వేసుకుని, చంకలో దిండు పెట్టుకుని, గచ్చు అరిగేలా ఈడ్చుకుంటూ వస్తోంది. వెనకే పెద్దాయన ఒట్టికాళ్ళతో, గుసగుసగా.

"అంత గట్టిగా కాదే, మెల్లిగా ఈడ్వు! టేకు జడుసుకుంటుంది!"