వేళ కాకముందే చల్లిన వసంతం

నా చిన్నప్పుడు మా వైపు పెళ్లంటే ఇంటి ముందు పందిరే. ఫంక్షన్ హాళ్లు అప్పటికి లేవు. ఉన్నా మావాళ్లు పోయేవాళ్లు కాదు. పచ్చని కొమ్మల కింద కాకుండా ఇంకెక్కడ పుస్తె కట్టినా అది పెళ్లే కాదని మా ఇంట్లో పెద్దవాళ్ల పట్టుదల. పట్టుదల బాగానే ఉంది కాని, మా అక్క పెళ్లికి అయ్యగారు శ్రావణంలో ముహూర్తం పెట్టారు. శ్రావణంలో ఆరుబయట పెళ్లి పెట్టుకుని వానను రావద్దంటే అది వింటుందా?

మాది పాశమైలారం పోయే దారిలో ఒక పల్లె. మా బాపుది వ్యవసాయం. బాపు తమ్ముడు, మా చిన్నాయన, పెళ్లి కాకముందే పొలం వదిలేసి, ఊరి పక్కన కొత్తగా వెలసిన ఖార్ఖానాల్లో ఒకదాంట్లో ఇనుప రేకులు కోసే పనికి కుదిరాడు. బాపుకు అది మింగుడుపడలేదు. సొంత భూమి పెట్టుకుని ఇంకొకరి సైరన్‌కు లేచి ఉరకడమేమిటని అన్నం దగ్గర కూర్చున్నప్పుడల్లా ఏదో ఒక మాట పొడిచేవాడు. చిన్నాయన నవ్వి ఊరుకునేవాడు. నాకు మాత్రం చిన్నాయనంటే ప్రాణం. డ్యూటీ దిగి వస్తూ సైకిల్ హ్యాండిల్‌కు నా కోసం బన్ను కట్టుకుని వచ్చేవాడు. ఇంత పొడుస్తుంటే ఏదో ఒకరోజు ఇల్లు వదిలి పటాన్‌చెరులో కిరాయి గదికి పోతాడేమోనని నాకు లోపల భయంగా ఉండేది.

పెళ్లికి ముందు రోజు పొద్దున్నే మబ్బు పట్టింది. బాపు పందిరి చుట్టూ తిరుగుతూ ఆకాశాన్ని తిడుతున్నాడు. అప్పుడు చిన్నాయన, "పరేషాన్ గాకు అన్నా, మా ఖార్ఖానల రేకుల మీద కప్పే తాడిపత్రి ఉన్నది, సేటును అడిగి తెస్త," అన్నాడు. అన్నట్టే సాయంత్రానికి ట్రాక్టర్ మీద వేసుకుని వచ్చాడు. ఆ టార్పాలిన్ ఎంత పెద్దదంటే, మా పందిరంతా కప్పి ఇంకా పక్కలకు వేలాడింది. దానికి ఒక వైపంతా రేకుల తుప్పు పట్టి ఎర్రగా ఉంది, రెండో వైపు శుభ్రంగా ఉంది. కింద కూర్చున్నవాళ్లు తలెత్తి చూస్తే బాగుండాలని, చిన్నాయన శుభ్రంగా ఉన్న వైపును కిందికి, తుప్పు వైపును పైకి వేశాడు. బాపు కింద నిలబడి అటూ ఇటూ చూసి, "మంచిగనే ఉన్నదిరా," అన్నాడు. మా బాపు నోట ఆ మాట రావడం గొప్ప సంగతి. చిన్నాయన ఆ రాత్రి పందిట్లోనే పడుకున్నాడు.

మర్నాడు అక్క పక్కన తోడుపెళ్లికూతురిగా నన్ను పీట మీద కూర్చోబెట్టారు, కాబట్టి జరిగిందంతా నేను కళ్లారా చూశాను. పుస్తె కట్టే వేళకు వాన ఎత్తుకుంది. ఊరంతా తడుస్తోంది, మా పందిట్లో మాత్రం చుక్క లేదు. మగపెళ్లివాళ్లు తలలెత్తి చూసి మెచ్చుకుంటుంటే, చిన్నాయన ముఖం చూడాలి! అయితే పైన కొమ్మల మధ్య నీళ్లు నిలిచి, తాడిపత్రి చూడి బర్రె కడుపులా కిందికి దిగింది. చిన్నాయన వెదురు కట్టె తీసుకుని కిందినుంచి పైకి పొడిచాడు. నీళ్లన్నీ ఒక్కసారిగా ఒక పక్కకు దొర్లాయి. ఆ పక్కన అంచులో కుర్చీ వేసుకుని కూర్చున్నది పెళ్లికొడుకు తండ్రి.

తుప్పులో నానిన నీళ్లు ఎలా ఉంటాయి? తెల్లని ధోవతి, తెల్లని లాల్చీ, భుజం మీద కండువా అన్నీ ఎర్రబారిపోయాయి. డప్పులు ఆగిపోయాయి. మగపెళ్లివాళ్లలో ఎవరో లేచి, "ఏందిది? పిల్సి చిలుము నీళ్లు పోస్తరా? గిదేనా మీ మర్యాద?" అని అరిచారు. బాపు ముఖంలో నెత్తురు లేదు. ఆ సిగ్గే కోపంగా మారి తమ్ముడి మీద పడింది. "నీ ఖార్ఖాన పెంటంత తెచ్చి నా బిడ్డ లగ్గంల పోసినవు గదరా! ఇగ నా కండ్ల ముందట కనవడకు, పో!" అన్నాడు. ఊరంతా వింది. చిన్నాయన కట్టెను మెల్లగా కింద పెట్టి వానలోకి నడిచాడు. ఇక తిరిగి రాడని నాకు అర్థమై ఏడుపు వచ్చింది. అక్క తల ఎత్తలేదు కాని నా చేయి గట్టిగా పట్టుకుంది.

అప్పుడు వంటల దగ్గరి నుంచి మా మేనత్త వచ్చింది. బాపుకూ చిన్నాయనకూ అక్క. ఆమె నోటికి ఊళ్లో అందరూ జడిసేవాళ్లు. మా పెళ్లిళ్లలో అన్ని తంతులూ అయ్యాక, ఆఖరున పసుపూ సున్నమూ కలిపిన ఎర్రనీళ్లు రెండు వైపులవాళ్లూ ఒకరి మీద ఒకరు చల్లుకుంటారు. దాన్నే వసంతం అంటారు. ఆ మరకలకు ఎవరూ కోపం తెచ్చుకోకూడదు. ఆ నీళ్లు పొద్దున్నే బిందెలో కలిపి వంటల మూలన పెట్టారు. అత్తమ్మ ఆ బిందెను చంకనెత్తుకుని నేరుగా వచ్చి, ముందు మా బాపు నెత్తిన ఒక చెంబెడు కుమ్మరించింది. తర్వాత పెళ్లికొడుకు తండ్రి ఎదుట నిలబడింది. వరుసకు బావ అవుతాడు, ఎగతాళి ఆడే హక్కు ఆమెకుంది.

"ఏమనుకోకు బావా. మా సిన్నోనికి జల్దీ ఎక్కువ. వసంతం ఆఖర్ల సల్లాలె, వాడు ఆగలేక ముందుగాల్నే సల్లిండు. ఇగ షురువైనంక ఆపుతమా?"

అయ్యగారు కంగారుపడి, ఇంకా తలంబ్రాలు కాలేదమ్మా అన్నారు. "మీ మంత్రం మీరు సదువుండ్రి, మీ మీద సల్లంలే," అంది అత్తమ్మ.

పెళ్లికొడుకు తండ్రి కుర్చీలోంచి లేచాడు. తుప్పు ఏదో, పసుపు ఏదో తెలియని మనిషి కాదు. తన ధోవతి వైపు చూసుకున్నాడు, ఎర్రగా కారుతున్న మా బాపు వైపు చూశాడు. తర్వాత ఆయన అత్తమ్మ చేతిలోని చెంబు లాక్కుని ఆమె నెత్తినే బోర్లించాడు. "మరి ముందుగాల సల్లినోడు ఏడి? సల్లి తప్పిచ్చుకుంటడా? పట్టుకరాండ్రి!" అన్నాడు.

మగపెళ్లివాళ్ల పిల్లలు వానలోకి ఉరికి, చిన్నాయనను రెండు రెక్కలూ పట్టుకుని తీసుకువచ్చారు. అందరూ నవ్వుతూ ఆయన్ను ముంచెత్తారు. ఎర్రనీళ్లు ముఖం మీద కారుతుండగా చిన్నాయన అందరి మీదుగా అత్తమ్మ కోసం చూశాడు. ఆ చూపు నాకు ఇప్పటికీ గుర్తుంది. అత్తమ్మ మాత్రం ఆయన వైపు చూడనే లేదు, చెంబు పట్టుకుని ఎవరి వెంటో పడింది.

అక్కను సాగనంపి చుట్టాలంతా పోయాక, అత్తమ్మ చిన్నాయనను ఇంటి వెనక నిలబెట్టి కడిగేసింది. "ఎర్రగ చిలుము కనవడుతుంటె ఆ దిక్కు మీదికేస్తార్ర ఎవలన్న? సోకు సూసుకున్నవు గని, నీళ్లు యాడికి పోతయో సూస్కున్నవా?" చిన్నాయన తల వంచుకుని విన్నాడు. తర్వాత అన్నదమ్ములిద్దరూ చెరో కొస పట్టుకుని తాడిపత్రి మడతపెట్టారు. చిన్నాయన ఇల్లు వదిలిపోలేదు.

నాకు మా బాపు నోరే వచ్చింది. కోపం ముందు, ఆలోచన తర్వాత. మొన్న బోనాలకు మా అమ్మాయి అత్తగారు, మా వియ్యపురాలు, భోజనానికి వస్తే, మా కొత్త కోడలు వడ్డిస్తూ ఆమె పట్టుచీర మీద పులుసు ఒలకబోసింది. పిల్ల ముఖం పాలిపోయింది. నా నాలుక చివర మాట తయారుగా ఉంది. దాన్ని మింగి, నా మజ్జిగ గ్లాసు నా ఒళ్లోనే వంపుకున్నాను. "మా ఇంట్ల తిన్నట్టు గుర్తుండాలె గద వదినా," అన్నాను. వియ్యపురాలు ఫక్కున నవ్వింది. కోడలు గరిటె పట్టుకుని అలాగే నా వైపు చూసింది. ఆనాడు చిన్నాయన అత్తమ్మ కోసం చూసిన చూపే అది. నేను తల తిప్పుకుని చీర దులుపుకున్నాను.

వాళ్లు వెళ్లిపోయాక వంటింట్లోకి పిలిచి, పులుసు గిన్నె ఎలా పట్టుకోవాలో చూపించి, నాలుగు చీవాట్లు కూడా పెట్టాను. అదీ అత్తమ్మ దగ్గర నేర్చుకున్నదే.