మనోడు, పరాయోడు తెలియని మిషను

నారాయణగూడలో ఒక సర్కారు లెక్కల ఆఫీసులో కమలాకుమారి గారు అట్టకార్డులకు రంధ్రాలు కొట్టే పని చేసేవారు. ఎదుటి కాగితం మీద అంకెలుంటాయి, పేర్లుండవు. వేళ్ళు మీటలు నొక్కుతాయి, కార్డుకు రంధ్రం పడుతుంది. చదువుతూ కొడితే చెయ్యి ఆగిపోతుంది కనక ఆ గదిలో ఎవరూ చదవరు. ఆవిడ కొట్టినదాన్ని పక్క మిషను మీద సులోచన మళ్ళీ కొట్టి సరిచూసేది. ఇద్దరి అంకెలూ కలవకపోతే ఎర్రదీపం వెలుగుతుంది.

మిషన్లు వచ్చిననాడు ఆఫీసరు కిషన్ రావు కొబ్బరికాయ కొట్టించి, "ఇవి జనం పైసలతోని తెచ్చినయి. మీవి కాదు, నావి కాదు. వీటికి మనోడు, పరాయోడు తెల్వదు," అన్నాడు.

"గట్లయితే ప్రమోషన్ వాటికే ఇయ్యండి సార్," అంది సులోచన. అందరూ నవ్వారు.

అరవై తొమ్మిది మొదట్లో పైనుంచి ఉత్తర్వు వచ్చింది. ఉద్యోగుల కార్డులను పుట్టిన జిల్లా ప్రకారం విడదీయాలి. బయటి జిల్లాలవాళ్ళను ఇక్కణ్ణుంచి పంపేస్తారట. కమలాకుమారి గారు పుట్టింది భీమవరంలో. భర్త సూర్యనారాయణమూర్తిది చిక్కడపల్లిలో గడియారాల రిపేరు కొట్టు. పంపితే ఆయన్నీ, అశోక్‌నగర్ ఇంటినీ వదిలి ఆవిడ ఒక్కరే వెళ్ళాలి.

ఒక మధ్యాహ్నం సులోచన టీ గ్లాసుతో వచ్చి పక్కన కూర్చుంది.

"అక్కా, నీ కార్డు నాకొచ్చింది."

"నాదా? ఎప్పుడు కొట్టాను?"

"పొద్దుగాల. జీతం దినం నాకు ముందల సంతకం నీదే కద, నీ నంబరు నాకెరుకే. జిల్లా మార్చి కొట్టి ఉంటవనుకున్న. ఎర్రదీపం వెలగలే."

"నేను చూసుకోలేదే."

"ఏం మనిషివక్కా." సులోచన కొంగుచాటు నుంచి కార్డు తీసింది. "పక్కకు పెట్టిన. హైదరాబాద్ అని కొత్తది కొట్టు. నేను గూడ గట్లనే కొడ్త."

కమలాకుమారి గారు కార్డును కిటికీ వెలుతురుకు పట్టి చూశారు. జిల్లా గడిలో రంధ్రం తన జిల్లా అంకె మీదే ఉంది. ఏడుపు వస్తుందనుకున్నారు. రాలేదు.

"రేపు ఎవరైనా కాగితం తీసి చూస్తే?"

"ఇద్దరం పోతం."

"నువ్వెక్కడికి పోతావే? మీ ఇల్లు అంబర్‌పేటలోనేగా."

సులోచన నవ్వలేదు.

కమలాకుమారి గారు లేచి కార్డును కట్టలో, సులోచన సొంత కార్డు మీద పెట్టేశారు. సాయంత్రం విడదీసే మిషను దగ్గర ఇద్దరూ నిలబడ్డారు. రెండు కార్డులూ ఒకదాని వెనక ఒకటి లోపలికి వెళ్ళి, వేరువేరు గూళ్ళలో పడ్డాయి. కిషన్ రావు తర్వాతి కట్ట కోసం చెయ్యి చాచాడు. సులోచన అందించింది.

ఏళ్ళ తర్వాత ఇదంతా నాకు చెబుతున్న కమలాకుమారి గారిని, ఆ సాయంత్రం ఇంటికి నడుస్తుంటే ఏమనిపించిందని అడిగాను.

"ఆయనతో చెప్పాలి కదండీ," అన్నారావిడ. "కొట్టు ముందు నుంచే వెళ్ళాను. ఆయన గడియారం విప్పుకుని కూర్చున్నారు. ఆగకుండా ముందుకెళ్ళి బెండకాయలు కొన్నాను."