గౌను అంచులో మడతలు

మార్కాపురం కోర్టులో నేను వకీలు గుమాస్తాగా ఉన్నప్పుడు, పలకల ఫ్యాక్టరీలో పనిచేసే ఒకామె వాయిదాలకు కూతురిని వెంటబెట్టుకుని వచ్చేది. భర్త వదిలేసి వెళ్లాడు. బిడ్డ పోషణకు ఖర్చు ఇప్పించమని మా వకీలుగారితో కేసు వేయించింది.

అప్పుడప్పుడు వరండాలో కూర్చుని పిల్ల గౌను అంచు కుట్లు విప్పుతుండేది. పిల్లలు ఎదుగుతారని మావైపు అంచులో మూడు మడతలు పెట్టించి కుట్టిస్తారు. ఒక్కోటి విప్పితే గౌను కాస్త కిందికి దిగుతుంది.

"ఏందమ్మా, ఈడ గూడా కుట్టుపనేనా?" అంటే, "పిల్ల ఎదిగేదానికి వాయిదాల్లేవు గదన్నా" అనేది.

ఒకరోజు జడ్జిగారి ముందు, కేసు తేలేలోపే కొంత ఇప్పించమని మా వకీలుగారు అడిగితే, భర్త తరఫు వకీలు కేసు తేలాకే ఖర్చుల సంగతి చూడాలన్నాడు. నాకు ఒళ్లు మండింది. ఆమె మాత్రం కూతురిని ముందుకు నిలబెట్టి గౌను అంచు ఎత్తి చూపించింది.

"ఆఖరి మడత గూడా ఇప్పేసినానయ్యా. ఇంగ ఇప్పేదానికేం లేదు."

జడ్జిగారు ఆ పాత కుట్ల గుర్తులను చాలాసేపు చూశారు. కేసు తేలేదాకా నెలనెలా బిడ్డ ఖర్చు తండ్రే ఇవ్వాలని ఆ వారమే ఆర్డరు వచ్చింది.

తర్వాతి వాయిదాకు పిల్ల కొత్త గౌనులో వచ్చింది. "ఎన్ని మడతలు పెట్టించినావమ్మా?" అన్నాను.

ఆమె నవ్వగా చూడటం అదే మొదలు.

"ఒగటి గూడా లేదన్నా. సరిగ్గా దీని కొలతకే కుట్టమని చెప్పినా."